చీమల యాహారము

మన దేశమున బిడ్డలకు చీమతోడి పరిచయము కథలతోనే మొదలగును. ఏడు చేపల కథలో గడ్డివాము మొదలుకొని ఆవు, కాపరి, వాని తల్లి, పసిబిడ్డ వరకు అందరును ఒకరిమీద నొకరు తప్పు మోపగా, తుదకు చీమయొక్కటియే సరియైన కారణము చెప్పును. చీమనుగూర్చి ఇంతగా చెప్పుకొను మనము, అది యేమి తిని బ్రదుకుచున్నదని యడిగినచో మాత్రము తడబడుదుము.

మేమును చాలకాలము తరగతిలో చీమనుగూర్చి ఒక్క పాఠమే చెప్పుచుంటిమి. చీమ కోతకాలమున గింజలు కూర్చుకొని వానకాలమున కూర్చుండి తినును, మీరును అట్లే పొదుపరులు కావలయును, అని ముగించుచుంటిమి. ఒకనాడు ఏడవ తరగతి బాలిక యొకతె లేచి, “అయ్యవారూ, మా యింటి గండుచీమ గింజను ముట్టనే ముట్టదు. బెల్లము పెట్టిన వచ్చును, చచ్చిన పురుగును లాగుకొనిపోవును. అది యెప్పుడు కూర్చుకొనును?” అని యడిగినది. మాకు వెంటనే జవాబు తోచలేదు. ఆ ప్రశ్నయే మమ్ము పుస్తకములను వెదకునట్లును, పెద్దమండ్యము చుట్టునున్న చేలగట్లపై మోకాళ్లూని చూచునట్లును చేసినది. అట్లు తెలిసికొన్నది ఇచ్చట వ్రాయుచున్నాము.

మొదట తెలియవలసినది చీమ నోటి సంగతి. పెరిగిన చీమ గట్టి పదార్థమును మ్రింగలేదు. దాని నడుము మిక్కిలి సన్నము, గొంతుక అంతకంటె సన్నము. అది దవడలతో ఆహారమును నలిపి రసమును మాత్రమే పీల్చుకొనును. పిప్పి నోటిలోని చిన్న సంచిలో ఉండగా కట్టి, దానిని వెలుపల ఉమిసివేయును. మఱియు చీమకు రెండు కడుపులు కలవు. ముందున్న కడుపు ఊరుమ్మడి కుండవంటిది. అందు నింపుకొనివచ్చిన రసమును గూటిలోని తోడిచీమలకు నోటినుండి నోటికి అందించును. వెనుకనున్న కడుపులోనికి పోయినది మాత్రమే దాని సొంతము. దారిలో రెండు చీమలు ఎదురుపడి మూతులు కలుపుకొనుట మీరు చూచియుందురు. మాటలాడుకొనుచున్నవని పెద్దలు చెప్పుదురు. పెక్కుసారులు అది అన్నము పెట్టుకొనుటయే.

తీపి రసము తిరుగుచు పనిచేయు చీమలకు బలము. మాంసాహారము గూటిలోని పిల్లపురుగులకును, గ్రుడ్లు పెట్టు రాణికిని ముఖ్యము. కావున ఒకే గూటి చీమ ఒకనాడు బెల్లమునకును, మఱియొకనాడు చచ్చిన ఈగకును పరుగెత్తుట చాపల్యము కాదు. ఇంట నేది తక్కువయో దానికై పోవుచున్నదన్నమాట.

ఇక గింజలు కూర్చు చీమలు. ఇవి నిజముగా కలవు. కోతలైన పిమ్మట మన యెఱ్ఱనేలలలో చిన్న రంధ్రము చుట్టును పొట్టు, ఊక గుండ్రముగా పోసియున్నచో అది గింజచీమల గూడని యెఱుగుడు. అవి గడ్డిగింజలను, అందినప్పుడు రాగులను, నువ్వులను లోనికి చేర్చి, పొట్టు వలిచి వెలుపల పాఱవేయును. కొన్ని జాతులలో పెద్దతల చీమలు కొన్ని యుండును; వాని దవడలు గింజలు చిదుప రోకళ్లవలె ఉపయోగపడును. గింజను నమలి ఉమ్మితో కలిపి ముద్దచేసి పిల్లపురుగులకు పెట్టును. ధాన్యము తడిసినచో, వాన వెలిసినంతనే బయటికి మోసికొనివచ్చి యెండబెట్టి మరల లోనికి చేర్చును. పూనా సీమలో చీమలు ఇట్లు గింజల నెండబెట్టుటను సైక్సు దొరగారు చూచి 1835 ప్రాంతమున ప్రకటించిరి. చీమ కోతకాలమున ధాన్యము కూర్చునని సొలొమోను సామెతలలో నున్నను, చలిదేశపు చీమలలో ఆ యలవాటు కానరానందున, ఐరోపా పండితులు కొందఱు అది కట్టుకథయని చాలకాలము తలచిరి. మాగ్రిడ్జి అనునాయన ఫ్రాన్సు దక్షిణ తీరమున చీమల కొట్లను త్రవ్వి చూచి, 1873లో పుస్తకము ప్రకటించిన పిమ్మట ఆ సంశయము తీఱినది. అయితే ఇవి చీమలలో కొన్ని జాతులు మాత్రమే. ఆ బాలిక ప్రశ్నకు జవాబు ఇదియే: గండుచీమ గింజలు కూర్చునది కాదు.

రెండవ తెగ వేటచీమలు. నెల్లూరులో వైద్యుడుగా నుండిన జెర్డన్ దొరగారు 1851లో దక్షిణ హిందూదేశపు చీమల పట్టిక నొకదానిని ప్రకటించిరి. అందు వర్ణింపబడిన వానిలో ఎగిరి దుముకు చీమ యొకటి. దానికి కన్నులు పెద్దవి, దవడలు పొడుగు. పులివలె ఒంటరిగా తిరిగి పురుగులపై దుముకును. బారులుతీఱి నడచు నల్లచీమ మఱియొకటి. అది దండుగా వెడలి చెదపురుగులను పట్టితెచ్చును. పుట్టలను చీమలు పెట్టునని మనవారి నానుడి గాని, పెద్ద మట్టిపుట్టలు కట్టునవి చెదలు; చీమలు వానికి పగవారు. తొలకరి వాన పడిన సాయంకాలము ఉసిళ్లు లేచి రెక్కలు రాల్చగా, దీపముక్రింద చీమలకు జాతరయే. మామిడి తోటలలో ఆకులు కుట్టి గూడుకట్టు ఎఱ్ఱచీమలును గొంగళ్లను వేటాడును. క్రీ. శ. 304 నాటిదని చెప్పబడు చీనా గ్రంథములో, నారింజ తోటలలో పురుగులను చంపుటకై ఇట్టి చీమల గూళ్లను సంతలో అమ్ముచుండిరని యున్నది.

మూడవ తెగ పాడి గల చీమలు. ఇచ్చట మా తప్పు నొకదానిని చెప్పక తప్పదు. కొన్ని యేండ్లక్రిందట ఒక విద్యార్థి తండ్రి వాడిపోయిన వేరుసెనగ మొక్కను తెచ్చి చూపెను. దానినిండ చీమలు ప్రాకుచుండెను. “చీమలే తినుచున్నవి కాబోలు” అని మేము తొందరపడి చెప్పితిమి. ఆయన అప్పుచేసి మందుపొడి కొని చేనిలోని చీమరంధ్రముల నెల్ల పూడ్చెను. చీమలు చచ్చినవి, చేను మాత్రము కోలుకొనలేదు. పది దినముల పిమ్మట ఆ విద్యార్థియే ఒక లేతకొమ్మను తెచ్చి, “అయ్యవారూ, ఆకుల క్రింద చూడుడు” అనెను. అచ్చట నల్లని పేనుబంక గుంపులుగా నుండెను. మన రైతు దానికి పెట్టిన పేరులోనే మర్మమున్నది. పేనువంటి యా పురుగు మొక్క రసమును పీల్చును. ఆ రసమున తీపి యెక్కువ, మాంసకృత్తులకు కావలసిన సారము తక్కువ. కావున పురుగు మితిమీఱి త్రాగి, మిగిలిన తీపిని బంకగా విడుచును. చీమ తన మీసములతో దాని వెన్ను తట్టగా ఒక బొట్టు విడుచును. ఆవును చేపి పాలు పిదుకునట్లే. అందులకు ప్రతిగా చీమ ఆ మందను కాచి, దానిని తినవచ్చు అక్షింతల పురుగులను తఱుమును. మొక్కను తిన్నది పేనుబంక. చీమ దాని కాపరి మాత్రమే. కాపరి నిర్దోషియని మేమనము. కాని తొలినాడే ఆకు త్రిప్పి చూచియుండినచో ఒక కుటుంబమున కా యేటి నష్టము కొంత తప్పియుండును. మఱుసటి యేడు ఆయన మొక్కలపై చీమలబారు కనబడినంతనే కొనలు పరీక్షించి, వేపగింజల కషాయమును వేళకు చల్లెను. చీమ ఆయనకు వేగులవాడైనది.

కొన్ని మొక్కలు తామే చీమలకు అన్నము పెట్టును. ఆముదపుటాకు కాడపై చిన్న బొడిపెలు కలవు; వానినుండి తేనె యూరును. అలసంద పూకాడల యందును అట్లే. ఆ తేనెకై వచ్చిన చీమలు ఆకు తిను పురుగులను బెదరించును. ఆముదపు గింజ మూతిమీది మెత్తని బుడిపెయు చీమలకు ప్రియము; వారు గింజను మోసికొనిపోయి, బుడిపె తిని, గింజను వేఱుచోట విడుతురు. అనగా కూలి యిచ్చి విత్తనము నాటించుకొనుటయే. అమెరికా ఖండమున ఒక తెగ చీమలు ఆకులు కోసికొనిపోయి, వానిని తినక, వానిపై బూజును పెంచి దానిని తినును. సేద్యము మనుష్యుని సొత్తు మాత్రమే కాదని దీనివలన తెలియుచున్నది.

భూమిమీది చీమల సంఖ్య ఇరువదివేల లక్షల కోట్లకు తక్కువ కాదని 2022లో పండితులు అంచనా వేసిరి. వాని సారమంతయు తూచినచో అడవిపక్షులును అడవిమృగములును కలిపిన దానికంటె ఎక్కువయట. ఇన్ని నోళ్లు దినదినము చచ్చిన పురుగులను, రాలిన గింజలను, చెదలను ఎత్తివేయకున్నచో మన చేలు, వాకిళ్లు ఎట్లుండునో యోచింపుడు.

విద్యార్థులారా, ఈ సెలవులలో ఒక పని చేయుడు. గూటికి మూరెడు దూరమున మూడు ఆకులు పఱచి, ఒకదానిపై బెల్లపునీటి చుక్క, రెండవదానిపై చచ్చిన ఈగ, మూడవదానిపై పది రాగిగింజలు ఉంచుడు. ఏ చీమ యెప్పుడు వచ్చినది, ఏది ముందు పోయినది, మిగిలిన దేదియో గడియారము చూచి వ్రాసికొనుడు. ఉదయమొకసారి, సాయంకాలమొకసారి చూడుడు. గూటిలో వ్రేలు మాత్రము పెట్టకుడు. దాని ఫలము ఏడు చేపల కథలోనే కలదు.

తల్లిదండ్రులకు మా విన్నపము ఒక్కటి: పైరుపై చీమ కనబడినంతనే మందుకై అంగడికి పోక, మొదట ఆకు త్రిప్పి చూడుడు. మేమిప్పుడు తరగతిలో చీమ పాఠమును ముగించుటలేదు. పిల్లలు తెచ్చిన వ్రాతలతో మొదలుపెట్టుచున్నాము.