25 నిమిషాల 20 సెకన్లు: నంద్యాల సైక్లిస్టు లెక్క ఏం చెబుతోంది?

2024 సెప్టెంబర్ 4న పారిస్ శివారు క్లిషీ సూ బువాలో నంద్యాలకు చెందిన షేక్ అర్షద్ సుమారు 14 కిలోమీటర్ల రోడ్డును 25 నిమిషాల 20 సెకన్లలో సైకిల్‌పై దాటాడు. పారాలింపిక్స్ పురుషుల సీ2 విభాగం టైమ్ ట్రయల్‌లో, అంటే ఒక్కొక్కరుగా బయలుదేరి గడియారంతో పోటీపడే రేసులో, అతనికి 11వ స్థానం దక్కింది. స్వర్ణం గెలిచిన ఫ్రాన్స్ కుర్రాడు అలెగ్జాండర్ లియోటే అదే దారిని 19 నిమిషాల 24 సెకన్లలో ముగించాడు. రజతం బెల్జియం సైక్లిస్టు ఎవూడ్ వ్రోమాంట్‌ది.

ముదిగొండ నుంచి ఖమ్మం దాకా ఇంచుమించు అంతే దూరం. ఆ దూరంలో విజేతకూ మన తెలుగువాడికీ మధ్య 5 నిమిషాల 56 సెకన్ల తేడా ఉంది. ఆ క్రీడలకు మన దేశం 84 మందిని పంపి 29 పతకాలు తెచ్చుకుంది. పర్వతగిరి మండలం కల్లెడ అమ్మాయి జీవాంజి దీప్తి 400 మీటర్ల పరుగులో కాంస్యం గెలిచింది. ఆ సంబరంలో సైక్లింగ్‌లో 11వ స్థానాన్ని ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. పారాలింపిక్స్ సైక్లింగ్‌లో భారత్ పాల్గొనడం అదే మొదటిసారి. అందుకే ఆ ఆరు నిమిషాలను జాగ్రత్తగా చదవాలి. ఆ తేడాలో కాళ్ల బలం ఎంత, గాలి ఎంత, ట్రాక్ లేకపోవడం ఎంత అన్నది తెలిస్తే ఏం చేయాలో కూడా తెలుస్తుంది.

సీ2 అంటే ఎవరు?

పారా సైక్లింగ్‌లో మామూలు రెండు చక్రాల సైకిల్ తొక్కేవారిని సీ1 నుంచి సీ5 దాకా ఐదు తరగతులుగా విభజిస్తారు. అంకె తగ్గేకొద్దీ వైకల్య ప్రభావం ఎక్కువ. చేతులతో తిప్పే సైకిళ్లు హెచ్ తరగతి, మూడు చక్రాలవి టీ తరగతి. చూపు లేనివారు చూపున్న తోడుతో జంట సైకిల్ తొక్కితే అది బీ తరగతి. ఒక కాలు కోల్పోయిన అర్షద్ సీ2లో పోటీపడ్డాడు. అంటే అతనితో తలపడినవారి శరీరాలకూ దాదాపు అదే స్థాయి పరిమితి ఉంది. కాబట్టి ఆరు నిమిషాల తేడాకు కారణం కాలు లేకపోవడం కాదు. ఈ మాట ముందే స్పష్టం చేసుకోకపోతే జాలి అడ్డొచ్చి లెక్క కనబడదు.

పారిస్‌కు అర్షద్ ఒక్కడే వెళ్లలేదు. మహారాష్ట్ర అమ్మాయి జ్యోతి గడేరియా మహిళల సీ1-3 రోడ్ టైమ్ ట్రయల్‌లో 16వ స్థానంలో నిలిచింది. ఇద్దరూ హైదరాబాద్‌లోని ఆదిత్య మెహతా ఫౌండేషన్‌లో తర్ఫీదు పొందినవారే. ప్రమాదంలో కాలు పోగొట్టుకున్నాక సైకిల్ ఎక్కిన ఆ ఫౌండేషన్ స్థాపకుడు ఆదిత్య మెహతా, 2013లో ఢిల్లీలో జరిగిన ఆసియా పోటీల్లో రెండు రజతాలు గెలిచాడు. అక్కడి నుంచి పదకొండేళ్లలో దారి పారాలింపిక్స్ దాకా సాగింది.

ఒకే సైక్లిస్టు, రెండు రకాల పోటీలు

అర్షద్ పారిస్‌లో రోడ్డు మీదా, ట్రాక్ మీదా పోటీపడ్డాడు. చూసేవారికి రెండూ సైకిల్ పందేలే. తొక్కేవాడికి మాత్రం చాలా తేడా ఉంటుంది.

రోడ్ సైకిల్‌కు గేర్లుంటాయి, బ్రేకులుంటాయి. ఎత్తు వస్తే గేరు తగ్గించుకోవచ్చు, పల్లం వస్తే పెడల్ ఆపి ఊపిరి తీసుకోవచ్చు. ట్రాక్ సైకిల్‌కు ఒకటే గేరు. బ్రేకులు ఉండవు, ఫ్రీవీల్ కూడా ఉండదు. చక్రం తిరుగుతున్నంతసేపు పెడల్ తిరగాల్సిందే, కాలు కదలాల్సిందే.

ట్రాక్ పోటీలు జరిగే అండాకారపు మైదానాన్ని వెలోడ్రోమ్ అంటారు. ఒలింపిక్ ప్రమాణం ప్రకారం ఒక చుట్టు 250 మీటర్లు. చెక్కతో పరిచిన ఆ ట్రాక్ మలుపుల దగ్గర 42 డిగ్రీల దాకా పైకి లేచి ఉంటుంది. మెల్లగా వెళితే చక్రం జారి కింద పడతారు. వేగమే అక్కడ నిలబెడుతుంది. ఆ వాలు మీద భయం పోవడానికే కొత్తవారికి వారాలు పడుతుంది.

ఇద్దరు ట్రాక్‌కు ఎదురెదురు వైపుల నుంచి బయలుదేరే పోటీని పర్స్యూట్ అంటారు. సీ2 విభాగంలో అది 3,000 మీటర్లు, అంటే 12 చుట్లు. పారిస్ అర్హత పోటీలో లియోటే దాన్ని 3 నిమిషాల 24 సెకన్లలో పూర్తిచేసి ప్రపంచ రికార్డు పెట్టాడు. చుట్టుకు 17 సెకన్లు, గంటకు దాదాపు 53 కిలోమీటర్ల వేగం. అర్షద్ ట్రాక్ మీద ఏ ఫైనల్‌కూ చేరలేదు. లియోటే అప్పటికి 23 ఏళ్లవాడు. ట్రాక్ మీద స్వర్ణం, రోడ్డు మీద స్వర్ణం రెండూ అదే కుర్రాడికి వెళ్లాయి. అది యాదృచ్ఛికం కాదు.

బెల్జియం ఎందుకు గెలుస్తుంది?

ట్రాక్, రోడ్డు ఒకదానికొకటి ఎలా సాయపడతాయో తెలియాలంటే బెల్జియం వైపు చూడాలి. ఆ దేశం విస్తీర్ణం 30,689 చదరపు కిలోమీటర్లు. తెలంగాణది 1,12,077. అంటే మన రాష్ట్రంలో పావు వంతు కంటే కాస్త ఎక్కువ. అయినా అక్కడి ఘెంట్ అనే ఒక్క నగరంలోనే రెండు ఇండోర్ వెలోడ్రోమ్‌లున్నాయి. ఒకటి 166 మీటర్ల చుట్టున్న పాత కుయిప్కే ట్రాక్. రెండోది ఎడ్డీ మెర్క్స్ పేరిట కట్టిన 250 మీటర్ల ట్రాక్.

అలాంటి దేశంలో 2000 సంవత్సరంలో పుట్టిన ఫాబియో వాన్ డెన్ బోషే పారిస్ ఒలింపిక్స్‌లో ఓమ్నియం కాంస్యం గెలిచాడు. ఓమ్నియం అంటే ఒకే రోజు నాలుగు రేసులు. మొదటిది స్క్రాచ్, పది కిలోమీటర్లలో ముందు వచ్చినవాడే విజేత. రెండోది టెంపో, తొలి కొన్ని చుట్లు దాటాక ప్రతి చుట్టులో ముందున్నవారికి పాయింట్లు. మూడోది ఎలిమినేషన్, రెండు చుట్లకోసారి చివరివాడు బయటికి. ఈ మూడింటిలో ఒక్కోదానికి విజేతకు 40 పాయింట్లు, రెండోవాడికి 38, మూడోవాడికి 36. చివరిది 25 కిలోమీటర్ల పాయింట్స్ రేసు, అంటే వంద చుట్లు. పది చుట్లకోసారి ముందు దాటిన నలుగురికి 5, 3, 2, 1 చొప్పున పాయింట్లు వస్తాయి, ఆఖరిసారి రెట్టింపు. గుంపును ఒక చుట్టు దాటేస్తే ఏకంగా 20.

పారిస్‌లో ఫ్రాన్స్ సైక్లిస్టు బెంజమిన్ థామస్ 164 పాయింట్లతో స్వర్ణం, పోర్చుగల్‌కు చెందిన యూరి లైతావ్ 153తో రజతం, వాన్ డెన్ బోషే 131తో కాంస్యం గెలిచారు. చివరి రేసులో థామస్ కిందపడి, లేచి, మళ్లీ తొక్కి గెలిచాడు. మూడు రేసులు అయ్యాక మళ్లీ వంద చుట్లు తిరిగే దమ్ము ట్రాక్ మీద మాత్రమే రాదు, రోడ్డు మీద పెరుగుతుంది. బెల్జియంలో ఏటా జరిగే టూర్ ఆఫ్ ఫ్లాండర్స్ పురుషుల రేసు దాదాపు 270 కిలోమీటర్లు. ఖమ్మం నుంచి భద్రాచలం వెళ్లి తిరిగి వచ్చినా ఇంకా మిగిలే దూరం అది, ఒక్కరోజులో.

రోడ్డు ట్రాక్‌కు దమ్మునిస్తే, ట్రాక్ రోడ్డుకు చివరి అడుగు నేర్పుతుంది. బెల్జియం మహిళ లోటె కోపెకీ 2023 ఆగస్టులో గ్లాస్గోలో ఎలిమినేషన్, పాయింట్స్ రేసుల్లో ప్రపంచ టైటిళ్లు గెలిచి, అదే పోటీల్లో రోడ్ రేస్ టైటిలూ గెలిచింది. 2024 ఏప్రిల్‌లో పారిస్-రూబే రేసులో 148 కిలోమీటర్లు, అందులో కొంత రాళ్లు పరిచిన దారుల మీద, తొక్కి వచ్చాక ముగింపు గీత రూబే ఊరి పాత వెలోడ్రోమ్‌లో ఉంది. అక్కడికి చేరిన చిన్న గుంపులో ఆమే ముందు గీత దాటింది. ఆ ఏడాది ఒలింపిక్ రోడ్ రేసులో కాంస్యం కూడా ఆమెదే.

గాలికి కట్టే మూల్యం

ఇప్పుడు మన ఆరు నిమిషాల దగ్గరికి వద్దాం. 14 కిలోమీటర్ల దూరంలో అర్షద్ సగటు వేగం గంటకు 33 కిలోమీటర్ల పైచిలుకు. లియోటేది 43 పైచిలుకు. అంటే అతడు 30 శాతం ఎక్కువ వేగంతో వెళ్లాడు. మరి అర్షద్ 30 శాతం ఎక్కువ బలంగా తొక్కితే సరిపోతుందా? సరిపోదు.

చదునైన దారిలో ఆ వేగానికి సైక్లిస్టు శక్తిలో ఎక్కువ భాగం గాలిని తోసుకుపోవడానికే ఖర్చవుతుంది. ఆ ఖర్చు వేగపు ఘనంతో పెరుగుతుంది. వేగం 1.3 రెట్లు కావాలంటే శక్తి 1.3ను మూడుసార్లు హెచ్చించినంత, అంటే సుమారు 2.2 రెట్లు కావాలి. శిక్షణ ఒక్కటే ఒక సైక్లిస్టు కాళ్ల శక్తిని రెట్టింపుకు మించి పెంచడం దాదాపు అసాధ్యం. కాబట్టి రెండో దారి పట్టాలి. శక్తిని పెంచే ప్రయత్నంతో పాటు గాలి అడ్డును తగ్గించుకోవాలి.

అది ఎంత పని చేస్తుందో ఒకే మనిషి పేరిట ఉన్న రెండు అంకెలు చెబుతాయి. ఒక గంటలో ట్రాక్ మీద ఎంత దూరం వెళ్లగలరో కొలిచే పోటీని అవర్ రికార్డ్ అంటారు. 1972లో మెక్సికో సిటీలో బెల్జియం దిగ్గజం ఎడ్డీ మెర్క్స్ మామూలు హ్యాండిల్ ఉన్న సైకిల్‌పై 49.431 కిలోమీటర్లు వెళ్లాడు. 1996లో బ్రిటన్‌కు చెందిన క్రిస్ బోర్డ్‌మాన్ చేతులు ముందుకు బార చాపి, ప్రత్యేక సైకిల్‌పై 56.375 కిలోమీటర్లు సాధించాడు. ఆ తర్వాత ఆ భంగిమను నిషేధించి, మెర్క్స్ కాలపు తరహా సైకిల్ మీదే తొక్కాలన్నారు. 2000లో బోర్డ్‌మాన్ అలాగే తొక్కితే వచ్చింది 49.441 కిలోమీటర్లు. మెర్క్స్ కన్నా 10 మీటర్లు ఎక్కువ, తన పాత దూరం కన్నా దాదాపు 7 కిలోమీటర్లు తక్కువ. మనిషి మారలేదు. వయసు నాలుగేళ్లు పెరిగింది, సైకిల్ మారింది, కూర్చునే తీరు మారింది. అంత తేడాలో ఎక్కువ భాగం ఆ చివరి రెండింటిదే.

గాలి అడ్డులో పెద్ద వాటా సైకిల్‌ది కాదు, మనిషి శరీరానిది. వెన్ను ఎంత వంగాలి, మోచేతులు ఎంత దగ్గరగా ఉండాలి, తల ఎక్కడ ఉంచాలి అన్నవి చుట్టు తర్వాత చుట్టు కొలిచి సరిచేసుకోవాలి. ఒకే కాలి బలంతో తొక్కేవారికి సీటు మీద నడుము నిలకడ మరింత కష్టం కాబట్టి ఈ కొలత మరింత అవసరం. గాలి, ఎత్తుపల్లాలు, వాహనాలు మారిపోతుండే రోడ్డు మీద ఈ కొలత కుదరదు. గ్రానైట్ లారీలు తిరిగే ఖమ్మం దారుల మీద తల వంచి తొక్కమని ఏ పిల్లవాడికీ చెప్పలేం. కొలవడానికైనా, భద్రతకైనా ట్రాక్ కావాలి.

ట్రాక్ ఎంత దూరం?

మన దేశంలో ఆ ప్రమాణాలున్న 250 మీటర్ల ఇండోర్ చెక్క ట్రాక్ ఢిల్లీ ఇందిరా గాంధీ స్టేడియంలో ఉంది. 2010 కామన్వెల్త్ క్రీడల కోసం కట్టారు. ఖమ్మం నుంచి దాదాపు 1,600 కిలోమీటర్లు. హైదరాబాద్‌లో 2002 జాతీయ క్రీడల సందర్భంగా ఉస్మానియా విశ్వవిద్యాలయంలో కట్టిన వెలోడ్రోమ్ ఆరుబయటిది. 2023 అక్టోబర్‌లో ఔటర్ రింగ్ రోడ్ పక్కన 23 కిలోమీటర్ల పొడవున, 4.5 మీటర్ల వెడల్పున, సౌర ఫలకాల కప్పుతో సైకిల్ దారి తెరిచారు. వాహనాల భయం లేకుండా దమ్ము పెంచుకోవడానికి అది మంచి చోటు. అయితే అది వెలోడ్రోమ్ పని చేయదు.

ట్రాక్ దగ్గర బతికే పిల్లలు ఏం సాధిస్తారో మన దేశమే ఒకసారి చూపింది. 2019 ఆగస్టులో జర్మనీలోని ఫ్రాంక్‌ఫర్ట్ ఆన్ డెర్ ఓడర్‌లో జరిగిన జూనియర్ ప్రపంచ పోటీల్లో భారత కుర్రాళ్లు టీమ్ స్ప్రింట్ స్వర్ణం గెలిచారు. అండమాన్ నుంచి ఈసో ఆల్బెన్, మణిపూర్ నుంచి రొనాల్డో సింగ్, రోజిత్ సింగ్. ఇళ్లు వదిలి ఢిల్లీ వెలోడ్రోమ్ పక్కన అకాడమీలో ఉండి శిక్షణ తీసుకున్నవారు. అండమాన్‌లోనూ మణిపూర్‌లోనూ ఉన్న ప్రతిభ ఖమ్మంలోనూ నంద్యాలలోనూ లేదని ఎలా అనగలం? వాళ్లకు దొరికింది, మనవాళ్లకు దొరకనిది ట్రాక్ మీద గడిపే రోజులు.

రేపటి ఫలితాన్ని ఎలా చదవాలి?

2028 ఆగస్టులో లాస్ ఏంజెలెస్ పారాలింపిక్స్ జరుగుతాయి. అప్పుడు మన సైక్లిస్టుల ఫలితం చూసేటప్పుడు స్థానంతో పాటు శాతం చూడాలి. పారిస్‌లో అర్షద్ సమయం విజేత కన్నా 30 శాతం ఎక్కువ. ఆ తేడా 15 శాతానికి తగ్గితే, అదే దారిలో అదే విజేత సమయంతో పోల్చి చూస్తే, 22 నిమిషాల 20 సెకన్ల దగ్గరికి వచ్చినట్టు. మూడు నిమిషాలు ఆదా. పతకం రాకపోయినా అది పెద్ద గెలుపే. స్థానం ఎంతమంది వచ్చారన్న దాన్ని బట్టి మారుతుంది, శాతం మన ఎదుగుదలను చూపుతుంది.

జిల్లా స్థాయిలో మొదలు పెట్టడానికి వెలోడ్రోమ్ దాకా ఆగనక్కర్లేదు. టైమ్ ట్రయల్‌కు కొలిచిన పది కిలోమీటర్ల దారి, తెల్లవారుజామున ఒక గంట వాహనాల ఆంక్ష, నిమిషానికొకరిని పంపే మనిషి, స్టాప్‌వాచ్ ఉంటే చాలు. అదే దారిలో ప్రతి నెలా ఆ పరీక్ష పెట్టి, కాలున్నవారినీ లేనివారినీ తొక్కించి, సమయాలు రాసి ఉంచితే ఏడాది తిరిగేసరికి ఎవరు ఎదుగుతున్నారో అంకెలే చెబుతాయి. ముందున్నవారిని ట్రాక్ దగ్గరికి పంపి అక్కడ ఉంచే బాధ్యత ప్రభుత్వానిదీ సైక్లింగ్ సంఘాలదీ. అర్షద్ మన చేతికి మొదటి కొలత ఇచ్చాడు. దాన్ని తగ్గించే పనిని అతని ఒక్కడి కాలి మీదే వదిలేయడం న్యాయం కాదు.