యూలియుస్ రోయ్‌బ్కె: 94వ కీర్తనకు ఒక సంగీత వ్యాఖ్యానము

సంఘ సంగీత చరిత్రలో బాఖ్, హ్యాండెల్ పేర్లు సేవకులకు పరిచితమే. యూలియుస్ రోయ్‌బ్కె పేరు అరుదుగా వినబడుతుంది. అతడు జీవించినది 24 సంవత్సరములే. అతని పేరు నిలిపిన పెద్ద రచనలు రెండే. వాటిలో ఒకటి పూర్తిగా ఒక కీర్తనపై ఆధారపడినది గనుక మనము దానిని పరిశీలించుట అవసరము.

1834 మార్చి 23న జర్మనీలోని హౌస్‌నైండోర్ఫ్ గ్రామంలో జన్మించాడు. తండ్రి ఆడోల్ఫ్ పైప్ ఆర్గన్లు నిర్మించేవాడు. బెర్లిన్‌లో కుల్లాక్ వద్ద పియానో, మార్క్స్ వద్ద స్వరరచన నేర్చుకొని, 1856లో వైమార్ చేరి ఫ్రాంజ్ లిస్ట్ శిష్యుడయ్యాడు. అక్కడ వ్రాసిన పియానో సొనాటను గురువుకే అంకితమిచ్చాడు. అందులో భాగములు ఆగకుండా ఒకదానిలోనికి ఒకటి సాగుతాయి.

రెండవది ఆర్గన్ కొరకు వ్రాసిన '94వ కీర్తన' సొనాట. 1857 జూన్ 17న మెర్సెబుర్గ్ కేథడ్రల్‌లో, లాడెగాస్ట్ నిర్మించిన గొప్ప ఆర్గన్‌పై దానిని తానే వాయించాడు. (మనలో చాలామంది పైప్ ఆర్గన్‌ను కన్నులారా చూచి యుండము. గాలి నింపిన వందల గొట్టములను చేతులతోను కాళ్లతోను పలికించే వాద్యమది.)

ఇందులో పాట లేదు, మాటలు లేవు. అయినను ఏ భాగము ఏ వచనములకు చెందునో నిర్ణయమై యున్నది. ఆరంభము 1, 2 వచనములు: ప్రతికారము చేయు దేవునికి మొర. పిమ్మట ఉగ్రమైన వేగముతో 3, 6, 7: విధవరాండ్రను, పరదేశులను, తండ్రిలేనివారిని చంపి, దేవుడు చూడడనుకొను దుష్టులు. నెమ్మదియైన భాగము 17, 19: విచారముల మధ్య దేవుని ఆదరణ. చివరి ఫ్యూగ్ 22, 23: ఆశ్రయదుర్గము, తీర్పు.

విడిచిన వచనములు కూడ గమనింపదగినవి. దేవుడు శిక్షించువాడు ధన్యుడను 12వ వచనము ఇందులో లేదు. మనమైతే ఈ కీర్తనపై ప్రసంగించినప్పుడు తరచుగా 12, 19 వచనములనే చేపట్టి, మొదటి మొరను త్వరగా దాటిపోతాము. బాధితుల మొరను ముందుగా పూర్తిగా విననిచ్చుటలో ఈ యువకుడు కీర్తనకారునికి మనకంటె దగ్గరగా ఉన్నాడని మా అభిప్రాయము. ఆదరణ మధ్యలో వస్తుంది, కాని అక్కడ ఆగదు. 23వ వచనము తీర్పుతో ముగిసినట్లే, సంగీతము కూడ మైనర్ స్వరములోనే గంభీరముగా ముగుస్తుంది.

ఆ ప్రదర్శన జరిగి ఏడాది నిండకముందే, 1858 జూన్ 3న, రోయ్‌బ్కె డ్రెస్డెన్ సమీపమందలి పిల్‌నిట్స్‌లో మరణించాడు. సోదరుడు ఓట్టో శ్రమించి 1871లో ఈ సొనాటను అచ్చు వేయించాడు.