ఊళ్లో రోడ్డు ఆక్రమిస్తే.. దారేది?

రాస్ అల్ ఖైమాలో సెలవు రోజున మనవాళ్లు కలిస్తే తరచూ ఒక గోడు వినిపిస్తుంది. ‘ఊళ్లో పక్కింటివాళ్లు రోడ్డు మీదకు ప్రహరీ జరిపారు, అంబులెన్స్ కూడా రావట్లేదు’ అని. అమ్మానాన్న ఊళ్లోనే ఉంటున్నారు కాబట్టి నాకూ అదే బెంగ.

ముందుగా అది ప్రజల రోడ్డేనని చెప్పే కాగితం సంపాదించాలి. గ్రామ పటం, ఎఫ్‌ఎంబీ నకలు సమాచార హక్కు చట్టం కింద భారత పౌరులెవరైనా అడగొచ్చు. 30 రోజుల్లో జవాబివ్వాలి.

తర్వాత పంచాయతీకి, తహసీల్దారుకు ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోవాలి. కదలిక లేకపోతే సోమవారం కలెక్టరేట్‌లో అర్జీ పెట్టుకోవచ్చు. ఏపీలో పీజీఆర్‌ఎస్, తెలంగాణలో ప్రజావాణి ఇందుకే ఉన్నాయి.

బీఎన్‌ఎస్‌ఎస్ 152వ సెక్షన్ (పాత సీఆర్‌పీసీ 133) కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ అడ్డు తొలగించమని ఆదేశించొచ్చు. అయితే ‘అది రోడ్డే కాదు’ అని అవతలివారు నమ్మదగిన ఆధారం చూపితే, సివిల్ కోర్టు తేల్చేదాకా అది ఆగిపోతుంది. అందుకే ఆ మొదటి కాగితం కీలకం.

సివిల్ దావాకు సీపీసీ 91 కింద కోర్టు అనుమతితో ఇద్దరు ఊరివాళ్లు చాలు. సొంత నష్టం చూపనక్కర్లేదు. దావాలో మన తరఫున ఎవరైనా నిలబడాలంటే దుబాయ్‌లోని భారత కాన్సులేట్‌లో పవర్ ఆఫ్ అటార్నీ ధ్రువీకరించి పంపాలి. ఇండియా చేరిన 3 నెలల్లోగా దానికి స్టాంపు వేయించాలి.

ఈలోగా గోడ మీద చేయి వేయొద్దని ఇంట్లోవాళ్లకు గట్టిగా చెప్పండి. కేసు మనమీదకే తిరుగుతుంది.