వంటింట్లో ఒకరు, తెర మీద ఇద్దరు మార్పుల్‌లు

పరిషత్తు నాటకాల్లో నాకు దక్కేవన్నీ అత్త వేషాలు, పనిమనిషి వేషాలే. చెప్పాల్సింది రెండు మూడు మాటలు. మిగతాసేపు ఎదుటివాళ్ల మాటలు వింటూ రంగం మీద నిలబడాలి. ఆ నిలబడటంలో ఎంత నటన ఉందో నాకు చూపించిన మనిషి బ్రిటిష్ నటి జోన్ హిక్సన్.

ఆవిడ 1906లో ఇంగ్లండ్‌లోని నార్తాంప్టన్‌లో పుట్టారు. లండన్‌లోని రాయల్ అకాడమీ ఆఫ్ డ్రమాటిక్ ఆర్ట్‌లో నటన నేర్చుకుని 1927లో రంగస్థలం ఎక్కారు. 1930ల్లో సినిమాల్లోకి వచ్చారు. పనిమనిషి, నర్సు, ఇంటి ఓనరమ్మ, ఇరుగుపొరుగు ఆడమనిషి... దాదాపు అర్ధశతాబ్దం ఇవే వేషాలు. పోస్టర్ మీద బొమ్మ ఉండదు, టైటిల్స్‌లో పేరు ఎక్కడో కింద ఉంటుంది.

అలాంటి వేషాన్ని ఆవిడ ఎలా పండించేవారో చూడాలంటే 1950లో వచ్చిన 'సెవెన్ డేస్ టు నూన్' చూడాలి. అణుబాంబును పెట్టెలో పెట్టుకుని లండన్‌లో తిరుగుతున్న శాస్త్రవేత్త ఒక ఇంట్లో గది అద్దెకు తీసుకుంటాడు. ఆ ఇంటి ఓనరమ్మ మిసెస్ పెకెట్ వేషం హిక్సన్‌ది. ఇంటినిండా పిల్లులు, నోట్లో సిగరెట్టు. పైగదిలో మనిషి నిద్రపోకుండా అటూ ఇటూ తిరుగుతుంటే ఆవిడకు గుండె దడ. బాంబు సంగతి ఆవిడకు తెలియదు. తన భయం తనది. దేశమంతా వణికిపోయే కథలో ఆ చిన్న ఇల్లు నిజం ఇల్లులా కనిపిస్తుంది. అది ఆవిడ చలవే. 'క్యారీ ఆన్ నర్స్' (1959)లో వార్డు సిస్టర్‌గా కనిపించినా అంతే. కనిపించేది కాసేపే, కానీ ఆ వార్డు తనదే అన్నట్టు నడుస్తారు.

1945లో డిటెక్టివ్ కథల రచయిత్రి అగాథా క్రిస్టీ రాసిన 'అపాయింట్‌మెంట్ విత్ డెత్' నాటకంలో హిక్సన్ ఒక చిన్న పాత్ర వేశారు. అది చూసిన క్రిస్టీ, ఏదో ఒకనాడు నా మిస్ మార్పుల్ పాత్ర మీరు వేస్తారని ఆశపడుతున్నానంటూ ఉత్తరం రాశారు. అప్పటికి హిక్సన్‌కు నలభై కూడా నిండలేదు. మార్పుల్ ఏమో పల్లెటూళ్లో ఊలు అల్లుకుంటూ హత్యల గుట్టు విప్పే ముసలావిడ!

ఆ మాట నెరవేరడానికి నలభై ఏళ్లు పట్టింది. ఈలోగా 1961లో 'మర్డర్ షీ సెడ్' వచ్చింది. మార్పుల్‌గా వేసింది మార్గరెట్ రూథర్‌ఫర్డ్. ఆ కథలో మార్పుల్ ఒక పెద్ద బంగళాలో పనిమనిషిగా చేరుతుంది. అదే ఇంట్లో పనిచేసే మిసెస్ కిడర్‌గా హిక్సన్ కనిపిస్తారు. ఆ రోజుకు ఆవిడకు వచ్చిన వేషం అది. దాన్ని శ్రద్ధగా చేశారు.

1979లో బ్రాడ్‌వేలో 'బెడ్‌రూమ్ ఫార్స్' నాటకానికి సహాయనటిగా టోనీ అవార్డు వచ్చింది. 1984లో బీబీసీ ఆవిడే మార్పుల్‌గా 'ద బాడీ ఇన్ ద లైబ్రరీ'తో సీరియల్ మొదలుపెట్టేనాటికి ఆవిడ వయసు 78. క్రిస్టీ చనిపోయి అప్పటికే ఎనిమిదేళ్లు.

రూథర్‌ఫర్డ్ మార్పుల్ సందడి మనిషి. హిక్సన్ మార్పుల్ గదిలోకి వచ్చినా ఎవరూ పట్టించుకోరు. కుర్చీ అంచున కూర్చుని, ఒళ్లో హ్యాండ్‌బ్యాగ్ పెట్టుకుని వింటుంది. అబద్ధం వినబడ్డప్పుడు ఆ లేత నీలికళ్లు మాత్రం ఒక్క క్షణం ఆగుతాయి. ఇనస్పెక్టర్ విసుక్కున్నా గొంతు పెంచదు. యాభై ఏళ్లు ఇతరుల సీన్లలో వింటూ నిలబడిన నటి కనుకే అది చేయగలిగారని నా నమ్మకం. పనివాళ్లను ఎవరూ కన్నెత్తి చూడరు, వాళ్లకు మాత్రం ఇల్లంతా కనబడుతుంది. మార్పుల్ బలమూ అదే.

క్రిస్టీ రాసిన 12 మార్పుల్ నవలలూ 1992కల్లా పూర్తిచేశారు. మధ్యలో 1987లో ఓబీఈ బిరుదు అందుకున్నారు. 1998లో, 92వ ఏట కన్నుమూశారు.

చిన్న వేషాలు వేసేవాళ్లను పెద్ద వేషం కోసం ఎదురుచూసేవాళ్లుగానే లెక్కగడతారు. హిక్సన్ విషయంలో ఆ లెక్క తప్పు. మార్పుల్ రాకపోయినా మిసెస్ పెకెట్ గొప్ప నటనే. ఆవిడ సీరియల్ దొరికితే చూడండి. ఎదుటివాళ్లు మాట్లాడుతున్నప్పుడు మాత్రం ఆవిడ మీదనుంచి చూపు తిప్పకండి.