మీకు తెలుసా? కుక్కపిల్ల చెప్పులెందుకు కొరుకుతుంది?

కొత్తగా వచ్చిన కుక్కపిల్ల మీ స్కూలు సాక్సు నోట కరుచుకుని మంచం కిందికి దూరిందా? తిట్టకండి, పాపం దానిది పళ్లొచ్చే వయసు! కుక్కపిల్లకు 28 పాలపళ్లుంటాయి. సుమారు నాలుగో నెల నుంచి అవి ఊడుతూ, ఏడో నెల వచ్చేసరికి 42 గట్టిపళ్లు వస్తాయి. ఆ చిగుళ్ల సలుపుకే చెప్పులు, చాప అంచులు, కుర్చీ కాళ్లు బలవుతుంటాయి. పెద్దవాళ్లు దగ్గరుండగా, చల్లటి నీళ్లలో తడిపి ముడివేసిన పాతగుడ్డ ఇచ్చి చూడండి, ఎంత హాయిగా నములుతుందో!

ముందుకాళ్లు చాపి, ఛాతీ నేలకు ఆనించి, నడుము పైకెత్తిందంటే 'ఆడుకుందాం రా' అని పిలుస్తున్నట్టే. ఆటలో పళ్లతో గట్టిగా పట్టుకుంటే చప్పున ఆట ఆపేయండి. మెల్లగా పట్టడం అదే నేర్చుకుంటుంది.

అన్నిటికన్నా ముచ్చటైన సంగతి ఒకటుంది. కుక్క, దాన్ని పెంచేవారు ఒకరి కళ్లలోకి ఒకరు చూసుకుంటే ఇద్దరిలోనూ ఆక్సిటోసిన్ పెరుగుతుందని 2015లో జపాన్ శాస్త్రవేత్తలు వెల్లడించారు. తల్లీబిడ్డల మమకారంలో పనిచేసే హార్మోను కూడా ఇదే!

చాక్లెట్, ఉల్లిపాయ, ద్రాక్ష మాత్రం కుక్కపిల్లకు పెట్టొద్దు. దాని పన్ను మీకు గీసుకుంటే భయపడి దాచకుండా వెంటనే ఇంట్లో చెప్పండి. సబ్బుతో, ధారగా పడే నీటితో 15 నిమిషాలు కడుక్కుని డాక్టరు దగ్గరికి వెళ్లాలి.