అరబ్బీ వాడుకమాటలు – మన వనితలు



తిక్కనగారి భారతమును తడబడక చదువగల ఇల్లాలైనను, ఆ భాషతో మాచర్ల బజారులో మిరపకాయలు బేరమాడజాలదు. గ్రంథభాష వేఱు, వాడుకభాష వేఱు. అరబ్బీయందును ఇట్టి భేదమే కలదు. గ్రంథములును వార్తాపత్రికలును ఒక భాషను వాడును. ఇండ్లలో మాటలాడు భాష దేశమున కొక తీరుగ నుండును. కువైతు మాట ఈజిప్టు మాట కాదు. మొరాకో మాట మఱింత దూరము.

ఈ భేదముతో మనకేమి పని యందురేమో! ఆంధ్రదేశమునుండి, విశేషించి కడప, గోదావరి ప్రాంతములనుండి, వేలకొలది స్త్రీలు ఇంటిపనులకై కువైతు మున్నగు దేశములకు పోవుచున్నారు. నరసరావుపేటలో మా వీథినుండియు ఒకామె బిడ్డలను చూచుకొను పనికై పోయినది. సెల్‌ఫోనులోని అనువాదయంత్రమువలన బిడ్డను ‘తిఫ్ల్’ అందురని ముందుగా నేర్చుకొన్నది. అక్కడ యజమానురాలు మాటిమాటికి ‘యాహిల్’ అనుచుండగా విని, దిగులుపడి నాకు ఫోను చేసినది.

“అక్కా, నేనేం తప్పు చేశానో తెలీదు. పొద్దస్తమానం అదే మాట అంటున్నారు” అని యేడ్చినది.

గ్రంథభాషా నిఘంటువున వెదకితిని. దానికి దగ్గఱగానున్న ‘జాహిల్’ అను మాటకు మూఢుడని యర్థము! నా గుండె జల్లుమన్నది. పిదప గల్ఫు వాడుకభాషను చూడగా, అక్కడివారు పెక్కుమాటలలో ‘జ’కారమును ‘య’కారముగా పలుకుదురనియు, వారి వాడుకలో ‘యాహిల్’ అనగా బిడ్డయే యనియు తెలిసినది. ఆ తల్లి తన బిడ్డమాటయే చెప్పుచుండగా ఈమె తిట్టని యెంచి కుమిలిపోయినది.

సామాన్యమైన అనువాదయంత్రములు తఱచుగా గ్రంథభాషనే యిచ్చును. వాడుకభాషకు అంతర్జాలమున వేఱు సాధనములు గలవు. ‘లివింగ్ అరబిక్ ప్రాజెక్టు’ అను నిఘంటువు గ్రంథభాషతోబాటు ఈజిప్టు, సిరియా, లెబనాను ప్రాంతముల మాటలను చూపును. ‘విక్షనరీ’లో గల్ఫు అరబ్బీ పదములు ప్రత్యేకముగ గలవు. ‘ఫోర్వో’లో ఆ దేశీయుల కంఠధ్వనినే వినవచ్చును. నీటికి గ్రంథభాషలో ‘మాఅ’, కువైతులో ‘మాయ్’; రేపటికి గ్రంథభాషలో ‘గదన్’, కువైతులో ‘బాచర్’; జీతమునకు గ్రంథభాషలో ‘రాతిబ్’, కువైతులో ‘మఆష్’. కుశలమడుగునపుడు పురుషుని ‘శ్లోనక్’ అనియు, స్త్రీని ‘శ్లోనిచ్’ అనియు అడుగవలెను.

కువైతులో 2015వ సంవత్సరపు 68వ చట్టము ఇంటిపనివారికి వారమున కొకదినము సెలవు నిచ్చినది. పని దినమునకు 12 గంటలు మించరాదన్నది. కాని అడుగ నోరులేనివారికి చట్టమేమి అక్కఱకు వచ్చును? జిల్లా, వకీలు, కబురు, హక్కు – ఇవి మన తెలుగులో కలిసిపోయిన అరబ్బీ మాటలే. హక్కను మాట మనకు వచ్చినది. దానిని వారి భాషలో అడుగు నేర్పు మన వనితలకు రావలయును.

ఈ నిఘంటువులు ఆంగ్లమున అర్థము చెప్పును. కావున ఆంగ్లమెఱిగిన సోదరీమణులు మధ్యాహ్నవేళ నొకగంట వెచ్చించి, పొరుగున ప్రయాణమగు స్త్రీకొఱకు 50 మాటలు తెలుగులిపిలో వ్రాసి, ధ్వని వినిపించి, పలికింపవలెను. ఆకలి, నొప్పి, జీతము, సెలవు, పాస్‌పోర్టు అను మాటలను మొదట వ్రాయవలెను. మా వీథిలోని ఆమెకు నేనీ పని ముందే చేసియుండవలసినది. ఇపుడు మఱియొకతె ప్రయాణమగుచున్నది, ఆమెకొఱకు వ్రాయుచున్నాను.