చిన్నమ్మ కథకు సినిమా ఏదీ?

2024 సంక్రాంతికి బెంగళూరు నుంచి తిరుపతి వెళ్లాను. ‘హాయ్ నాన్న’ అప్పుడే ఓటీటీలోకి వచ్చింది. నేను, నాయన, చిన్నమ్మ, తమ్ముడు.. నలుగురం టీవీ ముందు సెటిలైపోయాం.

చిన్నమ్మ అంటే అమ్మ చెల్లెలు కాదు. అమ్మ పోయాక, నాకు తొమ్మిదేళ్లప్పుడు నాయన చేసుకున్న రెండో భార్య. తమ్ముడు ఆమెకు పుట్టినవాడు. మా ఇంట్లో మారుతల్లి అనే మాట ఎవరూ వాడరు.

సినిమాలో నాని సింగిల్ ఫాదర్. కూతురు మహికి పెద్ద జబ్బు. ఆ పిల్లకు మృణాల్ ఠాకూర్ దగ్గరవుతుంటే చిన్నమ్మ కన్నార్పకుండా చూస్తోంది. తర్వాత ట్విస్టు (చూడనివాళ్లు ఈ పేరా వదిలేయండి). గతం మర్చిపోయిన ఆమే మహి కన్నతల్లి! మేమంతా కళ్లు తుడుచుకున్నాం. చిన్నమ్మ మాత్రం, “కన్నతల్లే గదా! వేరే ఆమె అయ్యుంటే ఏమయ్యేదో చూద్దామనుకున్నాన్రా” అని సంగటి గెలకడానికి లేచింది.

ఆ మాట నన్ను వదల్లేదు. నిజమే కదా, మన సినిమాల్లో ‘వేరే ఆమె’ కథ ఎక్కడుంది?

చాలాకాలం ఆమె విలనే. 1993లో ఈవీవీ తీసిన ‘అబ్బాయిగారు’లో వెంకటేశ్ అమాయకుడు, సవతి తల్లి జయచిత్ర కన్ను ఆస్తి మీద. కోడలు మీనా వచ్చి ఆట కట్టిస్తుంది. 1987 నాటి తమిళ ‘ఎంగ చిన్న రాసా’కి అది రీమేక్. అదే కథ హిందీలో ‘బేటా’. మూడు భాషల్లోనూ ఒకటే భయం!

అదే పండక్కి థియేటర్లో ‘గుంటూరు కారం’ చూశాం. రమ్యకృష్ణ మొదటి సంసారం వదిలేసి మళ్లీ పెళ్లి చేసుకున్న తల్లి. ఆమెతో సంబంధం లేదని సంతకం పెట్టమని కొడుకు మహేశ్‌బాబు మీద ఒత్తిడి. ముప్పై ఏళ్లయినా గొడవ కాగితాల దగ్గరే ఉంది.

‘కేరాఫ్ కంచరపాలెం’ (2018) కాస్త నయం. 49 ఏళ్ల రాజు, ఇరవయ్యేళ్ల కూతురున్న రాధను ఇష్టపడతాడు. కానీ పెళ్లి దాకా రాగానే సినిమా అయిపోతుంది. మాలాంటి ఇళ్లలో అసలు కథ మొదలయ్యేదే అక్కడ. ఎవరిని ఏమని పిలవాలి? పాత ఫొటో ఎక్కడ పెట్టాలి? స్కూల్ ఫారంలో ఎవరి పేరు రాయాలి?

ఇలాంటిదే ఒక కేసు మన ఆంధ్రప్రదేశ్ నుంచి సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. భర్త పోయాక మళ్లీ పెళ్లి చేసుకున్న తల్లి, బిడ్డకు కొత్త ఇంటిపేరు పెట్టింది. నాన్నమ్మ, తాతయ్య ఒప్పుకోలేదు. రికార్డుల్లో రెండో భర్తను ‘సవతి తండ్రి’ అని చూపాలన్నట్టుగా హైకోర్టు చెప్పింది. 2022 జులైలో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. అలా రాయడం దాదాపు క్రూరమేనని, బిడ్డ మనసు మీద పడే దెబ్బను అది పట్టించుకోలేదని తేల్చింది. ఒక్క మాట కోసం ఇంత పోరాటం! ఇందులో విలన్ లేకుండానే ఎన్ని సీన్లున్నాయో చూడండి.

నా సంగతే చెప్తా. అమ్మ ఫొటోకి రోజూ పూలు పెట్టేది చిన్నమ్మే. అయినా ఇంటర్‌కి వచ్చేదాకా ఆమెను పేరుపెట్టో, వరసపెట్టో పిలవలేదు. ‘ఇదిగో’, ‘అన్నం’, ‘డబ్బులు’.. ఇంతే. ఏడేళ్లు ఆమె ఒక్కసారీ అడగలేదు.

పండగైపోయి బస్సెక్కుతుంటే ఊరిబిండి డబ్బా చేతిలో పెట్టి, “దిగినాక ఫోన్ చెయ్” అంది. నా ఫోన్లో ఆమె నంబర్ ‘చిన్నమ్మ’ అనే ఉంది. ‘అమ్మ’ అని మార్చలేదు. ఆ పిలుపు రావడానికే ఏడేళ్లు పట్టింది మరి.

ఆ ఏడేళ్లను ఎవరైనా సినిమాగా తీయండి. ఫస్ట్ డే రెండు టికెట్లు నావే!